కరకపుట్టు ట్రాఫిక్ సిగ్నల్

కరకపుట్టుకి రోడ్డు లేదు. బస్సు ఎలాగూ లేదు. సైకిళ్ళు ఒకరిద్దరు కొనుక్కున్నారు గానీ, వాటిని కొండ కింద బంధువుల ఇళ్ళల్లో దాచుకుని, వారపు సంతకి వెళ్ళినప్పుడు ఒకసారి తుడిచి వస్తుంటారు. అలాంటి ఊరికి ఒకనాడు ట్రాఫిక్ సిగ్నల్ వచ్చింది.

అది నడిచి రాలేదు కనక ఊరివాళ్ళే మోశారు. పొడవాటి ఇనుప స్తంభం, మూడు కళ్ళ పెట్టె, ఎండని పట్టే పలక, బ్యాటరీ, సిమెంటు బస్తాలు. గెడ్డ దాటేటప్పుడు ముందున్నవాళ్ళు మోకాలిలోతు నీళ్ళలో ఆగి, ఇది దేనికని అడిగారు. రోడ్డు మీద జాగ్రత్తగా వెళ్ళడానికని కాంట్రాక్టరు మనిషి చెప్పాడు. మోస్తున్నవాళ్ళు ఒకరి మొహం ఒకరు చూసుకున్నారు. రోడ్డు వెనకాల వస్తోంది కాబోలనుకుని మిగతా కొండంతా హుషారుగా ఎక్కారు.

బడిపంతులు కొర్రా దొంబురు కూడా అదే అనుకున్నాడు. అతనిది ఆ ఊరే. కొండ దిగి చదువుకుని, ఉద్యోగానికి మళ్ళీ కొండెక్కిన మనిషి. రెండేళ్ళ కిందట వానల్లో భార్య సొనాయికి నొప్పులొస్తే డోలీలో దింపారు. గెడ్డ పొంగి ఒడ్డునే ఆగిపోవాల్సొచ్చింది. నీళ్ళు తగ్గేసరికి బిడ్డ దక్కలేదు. అప్పటినుంచి దొంబురు రోడ్డు కోసం అర్జీలు పెడుతూనే ఉన్నాడు. ఇంత శుద్ధమైన తెలుగు రాసే మాస్టారు ఈ డివిజన్లోనే లేడని ఆఫీసులో మెచ్చుకున్నారు కూడా. ఇప్పుడు సొనాయి మళ్ళీ కడుపుతో ఉంది. వానలకి ముందే రోడ్డు పడకపోతే మళ్ళీ ఆ గెడ్డే గతి. అతనికి వేరే దిగులు లేదు, ఆ ఒక్కటే.

సిగ్నల్ ఎందుకొచ్చిందో తర్వాత తెలిసింది. రాష్ట్రమంతటా పిల్లల తెలివిని కొలిచే పరీక్ష ఒకటి పెట్టారు. అందులో ఎర్ర దీపం కనబడితే ఏం చేయాలని అడిగారు. కరకపుట్టు పిల్లలు దగ్గరికెళ్ళి చూడాలని రాశారు. ఒక పిల్ల మరికాస్త ఆలోచించి, ఎవరింట్లో పెళ్ళో కనుక్కోవాలని రాసింది. ఆ జవాబులు రాజధాని చేరాయి. పెద్దలు కలవరపడ్డారు. ఆదివాసీ ఆధునికతా పరిచయ మిషన్ అని ఒకటి పుట్టింది, దానికి చామర్తి విశ్వేశ్వరం గారు డైరెక్టరయ్యారు.

విశ్వేశ్వరం గారు చెడ్డవారు కారు. గిరిజనులంటే ఆయనకి నిజంగానే ప్రేమ. వాళ్ళ గురించి మాట్లాడేటప్పుడు గొంతు దానంతటదే వణికేది. ఉపాధ్యాయుల్ని శిక్షణకని కొండ కిందికి పిలిచి ఆయన ఇలా సెలవిచ్చారు.

"గిరిపుత్రులు ఆధునిక సమాజపు కూడలిలో దిక్కుతోచక నిలబడుటకు మూలకారణమేమి? వారికి కూడలి తెలియకపోవుటయే. కావున కూడలినే వారి గుమ్మంలోకి తీసుకుపోవుటకు మిషన్ కృతనిశ్చయంతో ఉన్నది."

దొంబురు లేచి నిలబడ్డాడు. "సార్, మా ఊరికి రోడ్డే లేదండి."

"మంచి ప్రశ్న. రోడ్డు మా పరిధిలోకి రాదు. అది ఇంజినీర్ల శాఖ. రోడ్డు మీద ప్రవర్తన మా పరిధి. ప్రవర్తన అలవడిన చోటికి రోడ్డు దానంతటదే వస్తుంది."

హాలంతా చప్పట్లు కొట్టింది. చేతులు ఖాళీగా ఉన్నాయి కనక దొంబురు కూడా కొట్టాడు.

సిగ్నల్‌ని బడి ముందు నాటారు. ఇళ్ళ వైపునుంచి వచ్చే కాలిబాట, బడినుంచి వచ్చేది, కొండ దిగేది అక్కడే కలుస్తాయి. అడుగున ఉన్న రాతిపలక మీద సున్నంతో తెల్లచారలు గీశారు. వానకి చారలు కొట్టుకుపోయినప్పుడల్లా మళ్ళీ గీయడం మాస్టారి విధుల్లో చేర్చారు. ట్రాఫిక్ చూడ్డానికి విజయనగరం వైపునుంచి సింహాద్రి అనే హోంగార్డుని వేశారు. నడివయసు మనిషి, మోకాళ్ళ నొప్పులు. కొండెక్కి వచ్చి, కూడలిని ఒకసారి చూసి, చెప్పుల్లోంచి రాళ్ళు దులుపుకున్నాడు.

"ఏటి మాస్టారూ, నేనేటి ఆపాలి ఇక్కడ?"

"వచ్చినవాళ్ళని."

"ఎవులొస్తారు?"

"మేమే."

పాఠాలు మారిపోయాయి. లెక్కల పిరియడ్ తీసేసి వాహన సంచార సాధన పెట్టారు. పిల్లల్లో కొందరు బస్సులు, కొందరు లారీలు. హారన్ బాగా కొట్టినవాళ్ళకి మార్కులు. కూడికలు రాని పిల్లలు ఓవర్‌టేక్ మాత్రం నేర్చేశారు. మేకలకి కూడా ఎరుపు, పచ్చ అలవాటు చేయాలని వచ్చిన సర్క్యులర్‌ని దొంబురు పిల్లలకి చదివి వినిపించి, మేకలకి చదవకుండా ఊరుకున్నాడు.

ఊరికి మాత్రం ఈ సిగ్నల్ పెద్ద వింతేం కాలేదు. చైత్రంలో ఇటుకల పండగకి మగవాళ్ళు వేటకి పోతే, ఆడవాళ్ళు దారికి అడ్డంగా వెదురు గడ కట్టి వచ్చేపోయేవాళ్ళని ఆపుతారు. ఆగినవాడు పాటో ఆటో ఏదో ఒకటి ఇచ్చుకుంటే గడ ఎత్తుతారు. కాబట్టి ఇది సర్కారువాళ్ళ గడ అని అందరికీ మొదటిరోజే అర్థమైపోయింది. వాళ్ళది ఇనుపది, ఏడాది పొడుగునా ఉంటుంది, అంతే తేడా. ఎర్ర దీపం వెలిగినప్పుడల్లా ఆడవాళ్ళు నెత్తిమీద కట్టెల మోపులతో ఆగి, ఒకరి నడుం ఒకరు పట్టుకుని, స్తంభానికి ఒక పాట పాడేవాళ్ళు. పాట అయ్యేసరికి పచ్చ దీపం వచ్చేది. పాటకే వచ్చిందని వాళ్ళు, టైముకి వచ్చిందని సింహాద్రి. ఎవరి లెక్క వాళ్ళకి సరిపోయింది.

దొంబురు అత్తగారు రస్మో బడిలో మధ్యాహ్న భోజనం వండుతుంది. పండగ గడ కట్టే ఆడవాళ్ళకి ఆమే పెద్ద. ఆమెకొక్కటే సందేహం.

"అల్లుడూ, నొప్పులొచ్చిన మనిషి ఎదురైతే మనం గడ ఎత్తెత్తాం గదా, పాట గీట ఏటీ అడక్కండా. ఈళ్ళ గడ ఎత్తుతాదా?"

"తెలీదత్తా. కనుక్కుంటాను."

కనుక్కున్నాడు. ఆ ప్రశ్నకి జవాబుగా మిషన్ ఒక కమిటీని వేసింది. డోలీ మనిషిని మోస్తుంది కనక అది వాహనమేనని కమిటీ తేల్చింది. అయితే ఏ వాహనం? ఇద్దరు మోస్తారు, నాలుగు కాళ్ళున్నాయి, చక్రాలు లేవు. చాలాసేపు తర్జనభర్జన జరిగాక దాన్ని చక్రరహిత చతుష్పాద ప్రయాణిక వాహనమని నమోదు చేశారు. ముందువైపు తెల్ల దీపం, వెనకవైపు ఎర్ర దీపం, నంబరు పలక ఉండాలన్నారు. మోసేవాళ్ళకి హెల్మెట్ తప్పనిసరి. అంబులెన్సుకుండే మినహాయింపు డోలీకి వర్తించదు, ఎందుకంటే దానికి సైరన్ లేదు. ఉల్లంఘించినవాళ్ళు ఒక పూటంతా బడిలో కూర్చుని రోడ్డు భద్రత మీద ప్రసంగం వినాలి. ఆ శిక్ష పేరు విన్నాక ఊళ్ళో ఎవరూ ఒక్కసారి కూడా తప్పు చేయలేదు.

ఇవన్నీ భరించవచ్చు. నవ్వుకోవచ్చు కూడా. దొంబురు నవ్వు ఆగిపోయింది మాత్రం రోడ్డు అర్జీ తిరిగొచ్చిన రోజున. కొండ దిగి ఇంజినీర్ల ఆఫీసుకి వెళ్ళాడు. అక్కడి సూపరింటెండెంటు మర్యాదస్తుడు, కుర్చీ వేయించాడు.

"మాస్టారూ, మీ ఊళ్ళో ట్రాఫిక్ సిగ్నల్ ఉందా?"

"ఉందండి."

"పని చేస్తోందా?"

"చేస్తోందండి."

"ట్రాఫిక్ సిగ్నల్ రోడ్డు మీద పెడతారా, గాల్లో పెడతారా? మీకు రోడ్డు ఉన్నట్టే. ఉన్న రోడ్డుకి మళ్ళీ రోడ్డు వేస్తే ఆడిట్ ఊరుకోదు."

"వచ్చి చూడండి సార్. కాలిబాట తప్ప ఏమీ లేదు."

"చూడ్డానికి జీపు రావాలి గదా. జీపు రాదంటున్నారు మీరే." సూపరింటెండెంటు జాలిగా చూశాడు. "ఒక్కటే మార్గం. సిగ్నల్ పెట్టిన డైరెక్టరు గారే అక్కడ రోడ్డు లేదని రాసివ్వాలి. అప్పుడు రేపే రోడ్ల జాబితాలో కలిపేస్తాను మీ ఊరిని."

దొంబురు అట్నుంచటే విశ్వేశ్వరం గారి దగ్గరికి వెళ్ళాడు. ఆయన ఆప్యాయంగా భుజం మీద చెయ్యి వేశారు.

"దొంబురు గారూ, మీ గ్రామంలో ఇప్పటివరకు ఒక్క వాహన ప్రమాదమూ జరగలేదు. రాష్ట్రంలోనే ప్రథమ స్థానం. శూన్య ఉల్లంఘన గ్రామంగా పురస్కారానికి పంపుతున్నాను. ఇట్టి తరుణంలో రోడ్డు లేదని రాస్తే ఆ శూన్యానికి విలువేముంటుంది?"

"నా భార్యకి నెలలు నిండాయి సార్."

"సంతోషం. శుభాకాంక్షలు."

దొంబురు కొండెక్కాడు. దారంతా ఆ పెద్దమనిషిని ఏదో ఒకటి అనాలనుకున్నాడు, శుద్ధమైన తెలుగులో తిట్లు తక్కువ. ఇంటికొచ్చి మాతృభాషలో అన్నాడు.

ఇంతలో వానలు పట్టుకున్నాయి. ఎండ లేక సిగ్నల్ బ్యాటరీ నీరసించింది. నీరసించినప్పుడు ప్రమాదం లేకుండా ఎర్ర దీపం ఒక్కటే వెలిగేలా కంపెనీవాళ్ళు అమర్చారట. దాంతో కరకపుట్టులో పొద్దస్తమానం ఎరుపే. వంటిల్లు ఇళ్ళ వైపు, బడి అవతలి వైపు. అన్నం అటు, పిల్లలు ఇటు. రస్మో అన్నం గిన్నె పట్టుకుని చారల దగ్గర ఎన్ని పాటలు పాడినా పచ్చ రాలేదు. సింహాద్రికీ ఆకలేస్తుంది కదా. అతను చెట్టు వైపు తిరిగి బీడీ ముట్టించేవాడు. ఆ బీడీ అయ్యేలోపల దాటాల్సినవాళ్ళు దాటేసేవాళ్ళు. ఆ వానాకాలంలో ఊరికి ఉన్న పచ్చ దీపం ఆ బీడీ ఒక్కటే.

సరిగ్గా అప్పుడు డైరెక్టరు గారు వస్తున్నట్టు కబురొచ్చింది. పురస్కారానికి వీడియో తీయాలి. పోయిన ఏడాది ఎవరో ముక్కలు కత్తిరించి అతికించి బహుమతి కొట్టేశారట, అందుకని ఈసారి ఎక్కడా ఆపకుండా ఒకే బిగిన తీయాలని పైవాళ్ళ ఆదేశం. సాయంత్రానికల్లా అది రాజధాని చేరాలి.

విశ్వేశ్వరం గారు గొడుగుతో, మైకుతో, వీడియో తీసే మనిషితో వచ్చారు. కొండెక్కడానికి చాలా అవస్థ పడ్డారు, మూడుచోట్ల జారారు. అయినా ఆయన నోటినుంచి రోడ్డు బాగాలేదన్న మాట వచ్చిందే గానీ, రోడ్డు లేదన్న మాట రాలేదు. పిల్లల్ని చారలకి అటూ ఇటూ నిలబెట్టారు. ఊరివాళ్ళని వరసలో నిలబెట్టారు. సింహాద్రి బీడీకట్ట దాచేసి విజిల్ మెళ్ళో వేసుకున్నాడు. కెమెరా తిరగడం మొదలుపెట్టింది.

"ప్రియమైన ప్రేక్షకులారా," అని డైరెక్టరు గారు అందుకున్నారు. "ఒకనాడు ఎర్ర దీపమంటే ఎరుగని ఈ అమాయక గిరిజనం, నేడు..."

అప్పుడు ఇళ్ళ వైపునుంచి డోలీ వచ్చింది.

డోలీ గడ ముందు కొస దొంబురు భుజం మీద ఉంది. అతను బడిలో ఉండగానే కబురొస్తే, వెనకదారిన ఇంటికి పరిగెత్తాడు. వెనక కొస సొనాయి అన్న పట్టాడు. ఇద్దరి తలలకీ హెల్మెట్లు. డోలీలో సొనాయి దుప్పటి కొరుకుతూ మూలుగుతోంది. పొద్దున్నించీ ఓర్చుకుందట, పిల్లల కార్యక్రమం పాడవుతుందని.

డోలీ చారల దగ్గరికి వచ్చింది. ఎర్ర దీపం. సింహాద్రి విజిల్ ఊదాడు, ఊదాక నాలిక కరుచుకున్నాడు. ఇద్దరూ ఆగారు. ఇన్ని నెలలుగా పిల్లలకి ఆగమని చెప్పీ చెప్పీ దొంబురు కాళ్ళు అతని మాట వినకుండానే ఆగిపోయాయి. అందుకు అతనికి తన మీద తనకే అసహ్యం వేసింది.

డైరెక్టరు గారి మొహం వెలిగిపోయింది. "కెమెరా ఇటు తిప్పండి. చూడండి, ప్రసవవేదనలో సైతం నిబంధన పాటించుచున్న వాహనం. దొంబురు గారూ, కొంచెం నవ్వండి."

"సార్, ఇది పచ్చ అవదండి. మబ్బు విడిస్తే గానీ అవదు. మమ్మల్ని పోనివ్వండి."

"నిరీక్షణయే నాగరికత దొంబురు గారూ," అన్నారాయన మైకు అడ్డం పెట్టుకోకుండానే.

సొనాయి డోలీలోంచి తల బయటికి పెట్టింది. "ఆడెవుడో ఆడికి నొప్పులొచ్చినప్పుడు ఆగమను. నడండి మీరు."

రస్మో అప్పటికే వంటింట్లోంచి వచ్చింది. ఒక చేతిలో చింతకాయలు దులిపే పొడుగాటి గడ, ఇంకో చేతిలో అన్నం వార్చే గంప. ఎవరికీ ఏమీ చెప్పలేదు. గంపని గడ చివరికి తగిలించి పైకెత్తి, మూడు కళ్ళ పెట్టె మీద బోర్లించింది. ఎరుపు మాయమైంది. గంప సందుల్లోంచి గంజి చుక్కలు ఒకటొకటిగా డైరెక్టరు గారి గొడుగు మీద పడ్డాయి.

"గడ ఎత్తినాం," అంది రస్మో. "నొప్పుల మనిషికి ఏ ఊళ్ళోనూ గడ అడ్డుండదు. నడండల్లుడూ."

దొంబురు హెల్మెట్ తీసి చారల మీద పడేశాడు. డోలీ కూడలి దాటి కొండ దిగువకి తిరిగింది. కెమెరా తిరుగుతూనే ఉంది, ఆపకూడదు కదా. సింహాద్రికి శిక్షణలో నేర్పినదంతా ఆ క్షణానే గుర్తొచ్చింది. అటెన్షన్లో నిలబడి బిగ్గరగా చెప్పాడు.

"సార్. ఉల్లంఘన ఒకటి. డోలీ. ఎర్ర దీపం దాటింది సార్."

దొంబురు వాళ్ళు మొదటి మలుపు దగ్గరికి చేరేసరికి పైనుంచి మైకు గొంతు దిగొచ్చింది. ముందు దగ్గు, తర్వాత మాట.

"ప్రేక్షకులు అపోహ పడరాదు. ఇప్పుడు జరిగినది ఉల్లంఘన కాదు. ఏలయనగా, ఉల్లంఘన రోడ్డు మీద మాత్రమే సాధ్యం. ఇది రోడ్డు కాదు. ఈ గ్రామంలో రోడ్డు లేదు. ఇక్కడ రోడ్డు ఎన్నడూ లేదు. కావున ఉల్లంఘనల సంఖ్య యథాతథంగా శూన్యం."

దొంబురు భుజం మీద గడ పెట్టుకుని అలాగే నిలబడిపోయాడు. ఆ ఒక్క మాట కోసం రెండేళ్ళు తిరిగాడు. వెనకనుంచి సొనాయి అరిచింది.

"ఏటి ఆగిపోనావు? మళ్ళా దీపం కనబడిందా?"

గెడ్డ తొడల దాకా ఉంది, మెడల దాకా లేదు. అది వాళ్ళ అదృష్టం, ఏ శాఖా ఇచ్చింది కాదు. అవతలి ఒడ్డున తారురోడ్డు మీద, కబురందుకుని వచ్చిన అంబులెన్సు ఆగి ఉంది. ఆస్పత్రి చేరిన కాసేపటికి ఆడపిల్ల పుట్టింది. గట్టిగా ఏడ్చింది. ఆ ఏడుపు వినేసరికి దొంబురు వరండాలో గోడకి చేరగిలబడి కూర్చుండిపోయాడు.

మర్నాడు సింహాద్రి మోకాళ్ళు పట్టుకుంటూ వచ్చి ఒక కాగితం చేతికిచ్చాడు. డైరెక్టరు గారు పంపారు. కరకపుట్టు గ్రామమునకు ఎట్టి రోడ్డు సౌకర్యమూ లేదని రికార్డుల నిమిత్తము ధ్రువీకరించడమైనది అని ఉంది. వీడియోలో అన్నమాటకి ఆధారం కావాలని రాజధానివాళ్ళు అడిగారట. ఆయన రాత్రికి రాత్రే సంతకం చేసి, ఒకటి వాళ్ళకి, ఒకటి ఇంజినీర్లకి, ఒకటి మాస్టారికి పంపించారు.

"ఏటి మాస్టారూ, ఏడుస్తన్నారా?" అన్నాడు సింహాద్రి.

"లేదు."

ఏడుస్తున్నాడు. మొదటి బిడ్డ పోయినప్పుడు ఈ మాట రాయడానికి ఒక్కడికీ చెయ్యి రాలేదు. ఒక సున్నాని కాపాడుకోవడానికి ఒక్క పూటలో రాసేశారు. ఆ కోపం అతనికి తగ్గలేదు, తగ్గాలని కూడా అనుకోలేదు. కళ్ళు తుడుచుకుని లోపలికి వెళ్ళి సొనాయికి చూపించాడు.

"రోడ్డు లేదని రాసిచ్చారు. ఇంక వేస్తారు. కంకర రావాలి, అంతే."

సొనాయి బిడ్డకి పాలిస్తూ ఆ కాగితాన్ని, దాని కింద గుండ్రటి ముద్రని చూసింది.

"మంచిది," అంది. "మరి ఈ పిల్లని ఇంటికెలా తీసుకెల్దుం?"

దొంబురు కాగితం మడిచి జేబులో పెట్టుకుని, డోలీ కట్లు బిగించడానికి వరండాలోకి వెళ్ళాడు.